ఎదిగే పిల్లలకు ప్రేమ సంగతి ఎవరు చెప్పాలి?

మన తెలుగువారి ఇళ్లలో ఆడపిల్ల పెద్దమనిషి అయితే ఆ వార్త దాచుకోవడం ఆచారం కాదు. కొత్త చాప పరిచి పిల్లను కూర్చోబెడతాం. నువ్వులు, బెల్లం దంచి చిమ్మిలి పెడతాం. మేనమామ చీర తెస్తాడు. పేరంటాళ్లు వచ్చి పసుపు కుంకుమలు పెట్టి హారతి ఇస్తారు. తోటల్లో ఉన్న రోజుల్లో లైను ఇళ్ల ముందు కొబ్బరాకుల పందిరి వేసి ఈ వేడుక చేసేవారు. నేడు హాలు అద్దెకు తీసుకుని, ఫోటోలు తీయించి, వందల మందికి భోజనాలు పెట్టేవారూ ఉన్నారు. పిల్ల ఎదిగిందని ఊరందరికీ తెలుస్తుంది. అయితే ఎదగడం అంటే ఏమిటో, ఇక మీదట తన మనసులో ఏమేమి కలుగుతాయో, ఎవరైనా అబ్బాయి వచ్చి "నువ్వంటే నాకు ఇష్టం" అంటే ఏమి జవాబు చెప్పాలో ఆ పిల్లకు మాత్రం ఎవరూ చెప్పరు. మగపిల్లవాడి సంగతి ఇంకా అన్యాయం. వాడికి పండుగా లేదు, మాటా లేదు.

ఈ లోటు గురించే ఈ వ్యాసం. నేను సెకండరీ బడిలో ఉపాధ్యాయురాలిని. వారాంతంలో మన సంఘం తెలుగు తరగతిలో పిల్లలకు అక్షరాలు నేర్పుతాను. నేను తెలుగు నేర్చుకున్నది కూడా అటువంటి తరగతిలోనే. కనుక పెద్ద పెద్ద మాటల జోలికి పోకుండా, తల్లిదండ్రులు రేపే తమ పిల్లలతో చెప్పగలిగే మాటల్లోనే ఈ విషయం వివరించడానికి ప్రయత్నిస్తాను.

పూర్వం ఎందుకు చెప్పలేదు?

"మా అమ్మ నాకేమీ చెప్పలేదు, నేను బాగుపడలేదా?" అని కొందరు తల్లులు అడుగుతారు. ఇది న్యాయమైన ప్రశ్న. దీనికి జవాబు మన చరిత్రలో ఉంది.

మన పూర్వీకులు విశాఖపట్నం, నేటి శ్రీకాకుళం, గోదావరి ప్రాంతాల నుండి ఓడలెక్కి మలయాకు వచ్చిన కాలంలో, ఆ ప్రాంతాల్లో బాల్యవివాహం మామూలు విషయం. కులాన్ని బట్టి తేడా ఉన్నా, చాలా ఇళ్లలో పిల్ల పెద్దమనిషి కాకముందే పెళ్లి జరిగిపోయేది. భార్యతో కాపురానికి కనీస వయస్సు 10 నుండి 12 ఏళ్లకు పెంచుతూ 1891లో బ్రిటిష్ ఇండియాలో చట్టం వచ్చినప్పుడు, అది ఎక్కువ అని గోల చేసినవారు ఉన్నారంటే నాటి స్థితి ఊహించుకోవచ్చు. పసిపిల్లలను ముసలివారికి అమ్మే దురాచారం మీద గురజాడ అప్పారావుగారు రాసిన ‘కన్యాశుల్కం’ 1897లో అచ్చయింది. ఆడపిల్లకు 14, మగపిల్లవాడికి 18 ఏళ్లు నిండాలన్న శారదా చట్టం 1929లో గాని రాలేదు.

ఆ రోజుల్లో సమర్త వేడుకకు ఒక స్పష్టమైన అర్థం ఉండేది. పిల్ల కాపురానికి తగిన వయస్సుకు వచ్చిందని అత్తవారికి, ఊరికి తెలియజేయడమే దాని పని. పెళ్లి ముందే అయింది. లేదా కొద్ది నెలల్లో అవుతుంది. ఎవరిని ప్రేమించాలి, ఎలా ప్రేమించాలి అనే ప్రశ్న పుట్టడానికి నడుమ చోటే లేదు. చెప్పవలసిన నాలుగు మాటలు అత్తగారో, పెద్ద తోడికోడలో చెప్పేది.

ఈనాడు లెక్క వేరు. పన్నెండో ఏట పెద్దమనిషి అయిన పిల్ల ఫారం ఫైవ్ దాకా చదివి, ఎస్.పి.ఎం. రాసి, కాలేజీకి పోయి, ఉద్యోగంలో కుదురుకుని, ఇరవై అయిదు దాటాక, ఒక్కొక్కసారి ముప్పై దగ్గర పెళ్లి చేసుకుంటోంది. అంటే శరీరం ఎదగడానికి, పెళ్లికి నడుమ పదమూడు, పదిహేను ఏళ్ల కాలం ఉంది. మన తాతలకు ఈ కాలం లేదు, కనుక దీనికి తగిన ఆచారం ఏదీ వారు మనకు ఇచ్చిపోలేదు. అది వారి తప్పు కాదు. అయితే ఆ పదిహేను ఏళ్లూ మౌనంగా ఉండి, చివరికి "మంచి సంబంధం వచ్చింది, ముస్తాబవ్వు" అనడం మాత్రం మన తప్పే అవుతుంది. ఆ నడిమి కాలంలో పిల్లలకు సినిమాలు, టిక్‌టాక్, తోటి పిల్లలే గురువులు.

శరీరంలో ఏమి జరుగుతుంది?

మెదడు అడుగు భాగంలో బఠాణీ గింజంత ఒక గ్రంథి ఉంది. సమయం వచ్చినప్పుడు అది పంపే రసాయనాలు ఆడపిల్లల్లో అండాశయాలను, మగపిల్లల్లో వృషణాలను పనిలోకి దింపుతాయి. ఆడపిల్లల్లో ఈ మార్పు 8 నుండి 13 ఏళ్ల మధ్య, మగపిల్లల్లో 9 నుండి 14 ఏళ్ల మధ్య ఎప్పుడైనా మొదలు కావచ్చు. ఆడపిల్లల్లో మొదటి గుర్తు రొమ్ములు పొడసూపడం. అక్కడి నుండి సుమారు రెండు, రెండున్నర ఏళ్లకు మొదటి నెలసరి వస్తుంది. ఈ లెక్క తల్లులు గుర్తుంచుకుంటే చాలా మేలు. రొమ్ములు కనిపించిన నాడే చెప్పడం మొదలు పెడితే, మొదటి నెలసరి నాడు పిల్ల రక్తం చూసి జబ్బు చేసిందని బెదిరిపోదు.

మగపిల్లల్లో వృషణాలు పెరగడం, గొంతు మారడం, మీసకట్టు రావడం జరుగుతుంది. ఒక రాత్రి నిద్రలో వీర్యం పోవడం కూడా జరుగుతుంది. దీన్ని గురించి తండ్రులు ఒక్క మాట చెప్పరు. పిల్లవాడు పొద్దున్నే పక్కబట్ట దాచుకుని, తనకేదో రోగం వచ్చిందని, బలం పోతోందని కుమిలిపోతాడు. పత్రికల్లో, ఇంటర్‌నెట్‌లో ‘రహస్య రోగాల’ మందులు అమ్మేవారు బతికేది ఈ భయం మీదనే. ఇది రోగం కాదు, బలం పోదు, మందు అక్కరలేదు. తండ్రి ఈ మూడు ముక్కలు చెబితే ఆ పిల్లవాడి గుండెల మీద బరువు దిగిపోతుంది.

ఈ మార్పులు శరీరంతో ఆగవు. మెదడులో సంతోషానికి, ఉద్రేకానికి సంబంధించిన భాగాలు ఈ వయస్సులో ముందుగా చురుకు అవుతాయి. ఆగి ఆలోచించే పని చేసే ముందుభాగం, అంటే నుదుటి వెనుక ఉన్న భాగం, పూర్తిగా పక్వానికి రావడానికి ఇరవైల నడిమి దాకా పడుతుంది. బండి ఇంజను ముందు వచ్చి, బ్రేకు తరువాత వచ్చినట్టు అన్నమాట. పద్నాలుగేళ్ల పిల్ల ఒక అబ్బాయి పలకరించలేదని అన్నం మానేస్తే అది నాటకం కాదు. ఆ బాధ ఆమెకు నిజమే. "చిన్నపిల్లవు, నీకు ప్రేమేమిటి?" అని నవ్వితే ఆ బాధ పోదు, మనకు చెప్పడం మాత్రం మానేస్తుంది.

వయస్సును బట్టి చెప్పవలసినవి

అన్నీ ఒకే రోజు కూర్చోబెట్టి చెప్పడం కుదరదు. తొమ్మిది, పదకొండు ఏళ్ల మధ్య శరీర భాగాల పేర్లు, నెలసరి, స్వరం మారడం వంటివి చెప్పాలి. ఎవరు ఎక్కడ తాకకూడదో, తాకితే ఎవరికి చెప్పాలో కూడా ఈ వయస్సులోనే చెప్పాలి. "అమ్మకు చెప్పవద్దు" అని ఎవరైనా అంటే ఆ మాటే ముందుగా అమ్మకు చెప్పాలని నేర్పాలి.

పన్నెండు, పద్నాలుగు ఏళ్ల మధ్య ఆకర్షణ అంటే ఏమిటో చెప్పాలి. ఒకరిని చూస్తే గుండె వేగంగా కొట్టుకోవడం, వారి పేరు పుస్తకం చివర రాసుకోవడం సహజం. అలా కలిగినంత మాత్రాన ఏదో చేసి తీరాలని లేదు. ఆకలి వేసినంత మాత్రాన పక్కవాడి కంచంలో చెయ్యి పెట్టము కదా! కొందరికి ఈ వయస్సులో అటువంటి ఆకర్షణ ఏమీ కలగదు, అదీ సహజమే. తన తోటి ఆడపిల్ల మీద ఆడపిల్లకు, మగపిల్లవాడి మీద మగపిల్లవాడికి ఇష్టం కలిగిందని ఎవరైనా చెబితే, ఆ పిల్లను వెక్కిరించడం, వైద్యుల చుట్టూ తిప్పడం చేయకుండా, చెప్పినది విని ధైర్యం ఇవ్వడం పెద్దల పని.

పదిహేను, పదిహేడు ఏళ్ల మధ్య ఆకర్షణకు, ప్రేమకు తేడా చెప్పాలి. ఆకర్షణ ఒక్క చూపులో పుడుతుంది. ఎదుటి మనిషి గురించి ఏమీ తెలియకపోయినా పుడుతుంది. ప్రేమకు కాలం కావాలి. అతడు కోపం వచ్చినప్పుడు ఎలా ఉంటాడు, తన చెల్లెలితో ఎలా మాట్లాడతాడు, నువ్వు పరీక్షకు చదువుకోవాలంటే సంతోషిస్తాడా, అలుగుతాడా అనేవి చూడటానికి నెలలు పడతాయి. గర్భం ఎలా వస్తుందో, ఎలా రాకుండా ఉంటుందో, లైంగిక సంబంధం వల్ల వచ్చే వ్యాధులేమిటో కూడా ఈ వయస్సుకు తెలిసి ఉండాలి. బడిలో ఆరోగ్య విద్య పాఠాలలో కొంత చెబుతారు. కాని పాఠం పరీక్షతో ముగుస్తుంది. మిగిలిన ప్రశ్నలు ఇంట్లో పుడతాయి.

బావా మరదళ్ల వేళాకోళం

ఇక్కడ మన ఇళ్లలో ఉన్న ఒక సంగతి చెప్పాలి. మనకు మేనరికం ఉంది. ఈ దేశంలో ముస్లిమేతరుల పెళ్లిళ్లకు వర్తించే 1976 నాటి వివాహ చట్టం కూడా, హిందువుల ఆచారాన్ని గౌరవించి, మేనమామను చేసుకోవడానికి వీలు ఇచ్చింది. అందువల్ల పసితనం నుండే "నీ మొగుడు వచ్చాడే" అని బావను చూపించి పిల్లను ఆట పట్టించడం మనకు అలవాటు. ఆరేళ్ల పిల్ల నవ్వి ఊరుకుంటుంది. పదమూడేళ్ల పిల్లకు అది నవ్వులాట కాదు.

ఒక పిల్ల ఆ మాటను నిజమని నమ్మి మనసులో ఆశ పెంచుకోవచ్చు. ఇంకొక పిల్లకు ఆ బావ అంటే అసహ్యం ఉండవచ్చు. పదిమంది నవ్వుతుంటే చెప్పుకోలేక తలుపు వేసుకుంటుంది. అన్నిటికంటె ప్రమాదం ఏమంటే, వరుస అయినవాడు చెయ్యి పట్టుకున్నా, నడుము గిల్లినా "వరుసేగా!" అని పెద్దలు తేలికగా తీసుకోవడం. పిల్లకు ఇష్టం లేని తాకుడు ఎవరు తాకినా తప్పే. వరుస పెళ్లికి వీలు ఇస్తుందేమో గాని, చెయ్యి వేయడానికి హక్కు ఇవ్వదు. ఈ ఒక్క మాట మన ఇళ్లలో గట్టిగా చెప్పుకుంటే చాలా కన్నీళ్లు తగ్గుతాయి.

కాదన్న మాటను గౌరవించడం

మగపిల్లలకు నేర్పవలసిన మొదటి పాఠం ఇదే. మన సినిమాల్లో కథానాయకుడు ఆడపిల్ల వెంట పడతాడు. ఆమె పొమ్మంటుంది. అయినా బస్సు ఎక్కుతాడు, కాలేజీకి వస్తాడు, స్నేహితులతో కలిసి పాట పాడతాడు. మూడో పాటకు ఆమె నవ్వుతుంది. దీన్ని వందసార్లు చూసిన పిల్లవాడికి "కాదు" అంటే "ఇంకొంచెం ప్రయత్నించు" అని అర్థమైపోతుంది. మలేషియాలో ఇలా వెంటపడి వేధించడం 2023 నుండి శిక్షాస్మృతి ప్రకారం నేరం. చట్టం మాట అటుంచినా, భయపడే మనిషి ప్రేమించదు అనే చిన్న నిజం పిల్లవాడికి తెలియాలి.

అలాగే కాదనిపించుకున్నాక ఎలా బతకాలో కూడా నేర్పాలి. 1953లో వచ్చిన ‘దేవదాసు’ చిత్రాన్ని మన తోటల్లో తెర కట్టి చూసి ఏడ్చిన తరం ఉంది. అక్కినేని నాగేశ్వరరావుగారి నటనకు చేతులెత్తి మొక్కవచ్చు. కాని ప్రేమ దక్కకపోతే తాగి చనిపోవడం గొప్ప ప్రేమ అని పిల్లవాడు అనుకుంటే మనం సరిదిద్దాలి. "నువ్వు ఒప్పుకోకపోతే చచ్చిపోతాను" అని బెదిరించేవాడికి సాయం కావాలి. ఆ సంగతి వెంటనే పెద్దలకు చెప్పాలి. కాని ఆ బెదిరింపుకు లొంగి "సరే" అనడం ఆడపిల్ల బాధ్యత కాదు. ఈ రెండు మాటలూ కలిపి చెప్పాలి.

ఆడపిల్లలకు కాదు అనడం నేర్పాలి. "మా అమ్మ తిడుతుంది", "పరీక్షలున్నాయి" అని సాకులు చెబితే, ఆ సాకు తీరాక అవతలివాడు మళ్లీ వస్తాడు. "నాకు ఇష్టం లేదు. మళ్లీ అడగవద్దు" అని సూటిగా చెప్పడం అభ్యాసం మీద వస్తుంది. మా తరగతిలో పెద్ద పిల్లల చేత ఈ వాక్యాలు తెలుగులోనే గట్టిగా పలికిస్తాను. మొదట నవ్వుతారు. నాలుగోసారికి గొంతు నిలబడుతుంది. ఒకసారి సరే అన్నవారు తరువాత వద్దు అనడానికి కూడా హక్కు ఉందని, మౌనం అంగీకారం కాదని ఇద్దరికీ చెప్పాలి.

చేతిలోని ఫోను

పూర్వం ప్రేమలేఖ తండ్రి చేతికి దొరికితే ఇంట్లో గొడవ అయ్యేది, అంతటితో సరి. నేడు పంపిన ఫోటో ఒక గంటలో వంద మంది చేతుల్లో ఉంటుంది. "నా మీద నమ్మకం ఉంటే ఫోటో పంపు" అని అడిగేవారు ఉన్నారు. నమ్మకానికి పరీక్ష పెట్టేవాడే నమ్మదగినవాడు కాదని పిల్లకు చెప్పండి.

ఆటల్లోనో, వాట్సాప్ గ్రూపుల్లోనో పరిచయమై, తనకు పదహారేళ్లని చెప్పుకునే మనిషికి ముప్పై ఆరు ఉండవచ్చు. అటువంటివారి పద్ధతి ఒకటే. ముందు పొగడ్త, తరువాత చిన్న కానుక లేదా ఫోను రీలోడ్, తరువాత "మనిద్దరి మధ్యే ఉండాలి" అన్న మాట, ఆ తరువాత ఫోటో, చివరికి బెదిరింపు. ఈ వరుస పిల్లలకు ముందే తెలిస్తే రెండో మెట్టు దగ్గరే గుర్తు పడతారు. ఒకవేళ ఫోటో పోయినా, బెదిరింపు వచ్చినా, "మాకు చెప్పు, కొట్టము, తిట్టము" అని ముందుగానే మాట ఇచ్చి ఉండాలి. బెదిరించేవాడి బలమంతా పిల్లకు ఇంట్లో ఉన్న భయమే.

చట్టం ఏమంటోంది?

ప్రతి తల్లీ తండ్రీ తెలుసుకోవలసిన సంగతులు కొన్ని ఉన్నాయి.

ఒకటి: మన దేశంలో 16 ఏళ్లు నిండని అమ్మాయితో లైంగిక సంబంధం, ఆమె ఒప్పుకున్నా సరే, చట్టం దృష్టిలో అత్యాచారమే. అబ్బాయి వయస్సు పదిహేడు అయినంత మాత్రాన ఈ అభియోగం తప్పిపోదు. ఈ సంగతి తెలియని మగపిల్లలు చాలామంది ఉన్నారు. ఫారం త్రీ పిల్లతో తిరిగే ఫారం ఫైవ్ కుర్రవాడికి ఇది చెప్పడం అతని జీవితాన్ని కూడా కాపాడటమే.

రెండు: పిల్లలపై లైంగిక నేరాల చట్టం 2017లో వచ్చింది. 18 ఏళ్ల లోపువారు అందరూ దీని ప్రకారం పిల్లలే. పిల్లలను మాటలతో, కానుకలతో లోబరుచుకునే ప్రయత్నం కూడా ఇందులో నేరం. పిల్లల అశ్లీల చిత్రాలు తీయడం, దగ్గర ఉంచుకోవడం, ఇతరులకు పంపడం నేరం. స్నేహితుడు పంపిన ఫోటోను ‘ఊరికే’ ఫార్వర్డ్ చేసినా నేరమే. ఇటువంటి నేరం తెలిసి ఫిర్యాదు చేయకపోవడం కూడా ఈ చట్టం కింద తప్పు. పరువు పోతుందని లోపల్లోపల సర్దుకునే పెద్దలు దీన్ని గమనించాలి.

మూడు: ముస్లిమేతరులకు పెళ్లి వయస్సు 18. పదహారు నిండిన అమ్మాయికి రాష్ట్ర ముఖ్యమంత్రి అనుమతి మీద మాత్రమే మినహాయింపు ఉంది. 21 లోపు అయితే తల్లిదండ్రుల అంగీకారం కావాలి. ముస్లింలను పెళ్లాడదలచిన ఇతర మతస్థులు ఈ దేశంలో ఇస్లాం స్వీకరించవలసి ఉంటుంది. మన పిల్లలు మలాయి, చీనా, తమిళ పిల్లలతో కలిసి చదువుకుంటున్నారు. స్నేహాలు కలుస్తాయి, అది మంచిదే. ఏ జాతినీ దూషించకుండా, పెళ్లి దాకా వెళితే చట్టంలో ఏమి ఉందో చల్లగా చెప్పాలి. ద్వేషంతో చెబితే పిల్లలు ద్వేషాన్ని మాత్రమే వింటారు, విషయాన్ని వినరు.

ఏదైనా ఆపద వస్తే తాలియన్ కాసి నంబరు 15999కు ఎప్పుడైనా ఫోను చేయవచ్చు. ఈ నంబరు ఇంట్లో గోడ మీద రాసి ఉంచితే తప్పు లేదు.

మాట ఎలా మొదలుపెట్టాలి?

"అడగందే అమ్మైనా పెట్టదు" అని సామెత. ఈ విషయంలో మాత్రం సామెత తిరగబడుతుంది; పిల్లలు అడగరు, అమ్మే ముందు పెట్టాలి. ఎదురెదురుగా కూర్చోబెట్టి "నీతో ఒక ముఖ్యమైన విషయం మాట్లాడాలి" అంటే పిల్ల ముడుచుకుపోతుంది. కారులో పక్కన కూర్చున్నప్పుడు, కూర తరుగుతున్నప్పుడు, చేతులు పనిలో, కళ్లు వేరే చోట ఉన్నప్పుడు ఇటువంటి మాటలు సులభంగా వస్తాయి. టీవీలో వచ్చిన కథను పట్టుకోండి: "అమ్మలూ, ఆ అబ్బాయి అలా వెంట పడుతున్నాడే, నీకెలా అనిపించింది?" ఆమె జవాబు పూర్తయ్యే దాకా మీ అభిప్రాయం చెప్పకండి.

కొడుకుతో తండ్రి మాట్లాడాలి. పదహారేళ్ల కొడుకును మిత్రునిలా చూడమని పెద్దలు ఊరికే అనలేదు. "నాయనా, నీ వయస్సులో నాకూ ఇవన్నీ అయ్యాయి" అన్న ఒక్క మాటతో దారి తెరుచుకుంటుంది. అమ్మానాన్నలకు నోరు రాకపోతే పిన్ని ఉంది, మేనత్త ఉంది, బాబాయి ఉన్నాడు. పూర్వం ఉమ్మడి కుటుంబంలో ఈ పని వారే చేసేవారు. మనం తోటలు విడిచి పట్నాల ఫ్లాట్లకు వచ్చాక ఆ మనుషులు దూరమయ్యారు. ఆ దగ్గరితనం మళ్లీ ప్రయత్నించి తెచ్చుకోవాలి.

భాష కూడా ఒక అడ్డు. మన పిల్లలు ఈ విషయాలన్నీ మలాయిలో, ఇంగ్లీషులో వింటున్నారు. తెలుగులో వారికి తెలిసిన మాటలు తిట్లే, లేకపోతే ‘మైల’, ‘ముట్టు’ వంటి, దూరం పెట్టే మాటలు. ‘నెలసరి’, ‘యుక్తవయస్సు’, ‘ఆకర్షణ’, ‘అంగీకారం’ అనే శుభ్రమైన మాటలు మనకు ఉన్నాయి. వాటిని ఇంట్లో వాడితే, తమ అమ్మమ్మ భాషలో కూడా మనసు విప్పవచ్చని పిల్లలకు తెలుస్తుంది. భాషను బతికించడం అంటే పద్యాలు అప్పజెప్పించడం ఒక్కటే కాదు. బాధలో నోటికి వచ్చే భాషే బతికే భాష.

"నేను ఒకరిని ప్రేమిస్తున్నాను" అంటే?

ఎప్పుడో ఒకనాడు ఈ మాట వినవలసి వస్తుంది. అప్పుడు మొదటి పది నిమిషాలు ముఖ్యం. ఫోను లాక్కోవడం, బడి మాన్పించడం, హడావుడిగా సంబంధం చూడటం వల్ల పిల్ల మన నుండి పారిపోయి ఆ అబ్బాయి దగ్గరకే చేరుతుంది. ముందుగా "నాకు చెప్పినందుకు మంచిది" అనండి. తరువాత అడగండి: అతని వయస్సు ఎంత? ఎలా పరిచయం? ఏమైనా ఇష్టం లేనిది చేయమని అడిగాడా? స్నేహితులకు దూరంగా ఉండమంటున్నాడా? ఫోను చూపించమని సతాయిస్తున్నాడా?

ఈ ప్రశ్నలకు జవాబులు బాగుంటే హద్దులు చెప్పండి: ఎక్కడ కలవవచ్చు, ఎంతసేపు, చదువు ఎలా సాగాలి. బాగుండకపోతే ఆ జవాబులనే పిల్లకు గుర్తు చేయండి. తన నోటితో చెప్పినవి గనుక కాదనలేదు. ఆ అబ్బాయి పెద్దవాడు అయితేనో, బలవంతం జరిగితేనో అది ఇంటి విషయం కాదు, పోలీసు విషయం. పిల్ల తప్పు కాదని ఆమెకు ఆ రోజే చెప్పాలి.

ఒక సందేహం

"ఇవన్నీ చెబితే లేని ఆలోచన కల్పించినట్టు కాదా?" అని మన పెద్దలు అడుగుతారు. అనేక దేశాల్లో జరిగిన పరిశోధనలను యునెస్కో సమీక్షించి 2018లో మార్గదర్శక గ్రంథం తిరిగి ప్రకటించింది. ఇటువంటి విద్య వల్ల పిల్లలు తొందరపడి లైంగిక సంబంధాలలోకి దిగడం పెరగదని, సక్రమంగా బోధిస్తే ఆలస్యం చేయడానికి, జాగ్రత్త పడటానికి తోడ్పడుతుందని అందులో ఉంది. నా అనుభవం కూడా అదే. తెలుగు తరగతిలో పేరు రాయకుండా ప్రశ్న వేసే ఒక పెట్టె పెట్టాను. అందులో పడే చీటీల్లో ఎక్కువ భాగం ‘ఎలా చేయాలి’ అని అడగవు. "అతను అడిగితే కాదనడం ఎలా, చిక్గు?", "నేను అందంగా లేను కనుక ఎవరూ ఇష్టపడరా?", "మా నాన్నకు తెలిస్తే చంపేస్తాడా?" అని అడుగుతాయి. ఆలోచనలు ముందే ఉన్నాయి. జవాబులే లేవు.

మన సంఘం శాఖలు ఉగాదికి పాటల పోటీలు, సంక్రాంతికి ముగ్గుల పోటీలు ఎంతో చక్కగా జరుపుతున్నాయి. ఏడాదికి ఒక్క ఆదివారం తల్లిదండ్రులకు, మరొక ఆదివారం పిల్లలకు, ఒక వైద్యురాలిని, ఒక కౌన్సెలరును పిలిచి ఈ విషయం మీద తరగతి పెట్టడం మన శక్తికి మించిన పని కాదు. సమర్త వేడుక చేసే ఇళ్లలో ఆ తొమ్మిది రోజుల్లో ఒక సాయంత్రం, చుట్టాలు వెళ్లాక, తల్లీ కూతురూ చాప మీద కూర్చుని మాట్లాడుకోవచ్చు. మగపిల్లవాడికి గొంతు మారిన నాడు తండ్రి వాడిని వెంటబెట్టుకుని నడకకు వెళ్లవచ్చు. దీనికి హాలు అక్కరలేదు, ఖర్చు అక్కరలేదు.

మన తాతలు సముద్రం దాటి వచ్చినప్పుడు తెలియని అడవిలో దారి తామే కొట్టుకున్నారు. మన పిల్లలు కూడా తమ వయస్సులో తెలియని దారిలోనే నడుస్తున్నారు. వారికి మనమున్నాం. దారి తెలిసిన పెద్దలు పక్కన నడుస్తూ నోరు మూసుకోవడం మర్యాద అనిపించుకోదు. చెప్పవలసిన మాట సమయానికి, ప్రేమగా చెప్పడమే మనం వారికి ఇచ్చే ఆశీర్వాదం.